హెల్మెట్లతో గిన్నెలు చేసిన హంతకుడు: డైరెక్టర్ వోల్ఫ్‌గాంగ్ ష్టౌటె కథ

జర్మన్ సినిమా అనగానే ఫాస్‌బిండర్, హెర్జోగ్, వెండర్స్ అంటాం. వాళ్లకంటే ముందు తరంలో ఒకాయన ఉన్నాడు. పేరు వోల్ఫ్‌గాంగ్ ష్టౌటె. ఈయన గురించి మన దగ్గర ఎవరూ పెద్దగా మాట్లాడరు.

1945. యుద్ధం అయిపోయింది. బెర్లిన్‌లో ఎటు చూసినా రాళ్ల గుట్టలే. నాలుగు దేశాల సైన్యాలు ఊరిని పంచుకున్నాయి. ష్టౌటె చేతిలో ఒక స్క్రిప్టు ఉంది. పశ్చిమ దేశాల అధికారులు కాదన్నారు, సోవియట్ వాళ్లు సరే అన్నారు. అలా 1946 అక్టోబరులో 'ద మర్డరర్స్ ఆర్ అమాంగ్ అస్' రిలీజైంది. యుద్ధం తర్వాత వచ్చిన మొదటి జర్మన్ ఫీచర్ ఫిల్మ్ ఇదే.

కథేంటంటే, యుద్ధం నుంచి తిరిగొచ్చిన ఒక డాక్టర్ తాగుడుకు బానిసవుతాడు. పోలండ్‌లో క్రిస్మస్ ముందురోజు ఆడవాళ్లనీ పిల్లల్నీ కూడా కాల్చెయ్యమని ఆర్డరిచ్చిన అతని కెప్టెన్ మాత్రం ఇప్పుడు ఫ్యాక్టరీ ఓనరు. అక్కడ ఏం తయారవుతుందో తెలుసా? సైనికుల పాత హెల్మెట్లతో వంటగిన్నెలు! ఆ ఒక్క ఐడియా చాలు, ఈయన ఎలాంటి డైరెక్టరో చెప్పడానికి.

స్క్రిప్టులో డాక్టర్ ఆ కెప్టెన్‌ని చంపేస్తాడు. జనం కూడా ఎవరికి వాళ్లు పగ తీర్చుకోవడం మొదలుపెడితే ఎలా అని సోవియట్ వాళ్లు ఒప్పుకోలేదు. దాంతో 'చంపడం కాదు, కోర్టు ముందు నిలబెట్టాలి' అని క్లైమాక్స్ మార్చారు. నాకైతే ఇదే నచ్చింది. ఎందుకంటే ఆ కోర్టుల్లో కూర్చున్నది ఎవరు అన్నది అసలు ప్రశ్న. దానికి మళ్లీ వస్తా.

ఇంకో విషయం. 1940లో యూదుల మీద ద్వేషం నింపడానికి నాజీలు తీయించిన 'యూద్ జ్యూస్'లో ష్టౌటె కూడా చిన్న వేషం వేశాడు. అంటే హంతకులు 'మన' మధ్యే ఉన్నారు అన్నప్పుడు, ఆ 'మన'లో తనూ ఉన్నాడు. అది తెలిశాక సినిమా చూస్తే ఇంకోలా ఉంటుంది.

1951లో తూర్పు జర్మనీలో 'డేర్ ఉంటర్టాన్' తీశాడు. పైవాడికి వంగి వంగి దండాలు పెట్టి, కిందివాణ్ని తొక్కే మనిషి కథ. పశ్చిమ జర్మనీ 1957 దాకా దాన్ని రానివ్వలేదు, అప్పుడు కూడా కోతలేసి వదిలింది. ఈలోగా ష్టౌటె తూర్పును వదిలి పశ్చిమానికే వెళ్లిపోయాడు.

అక్కడ 1959లో తీసిందే 'రోజెస్ ఫర్ ద ప్రాసిక్యూటర్'. యుద్ధంలో ఒక సైనికుడికి రెండు డబ్బాల చాక్లెట్ కోసం మరణశిక్ష వేయిస్తాడు ఒక ప్రాసిక్యూటర్. అదృష్టం బాగుండి సైనికుడు తప్పించుకుంటాడు. ఏళ్ల తర్వాత చూస్తే ఆ పెద్దమనిషి అదే ఉద్యోగంలో దర్జాగా ఉన్నాడు. ఒళ్లు మండి మనవాడు షాపు అద్దం పగలగొట్టి మళ్లీ అదే చాక్లెట్ ఎత్తుకుపోతాడు. కేసు కోర్టుకొస్తుంది. ప్రాసిక్యూటర్ లేచి, పాత అలవాటు కొద్దీ, మళ్లీ మరణశిక్షే అడుగుతాడు! నవ్వొస్తుంది, ఆ వెంటనే వెన్నులో చలి పుడుతుంది. ఆ టైంలో పశ్చిమ జర్మనీ కోర్టుల్లో నాజీ కాలం జడ్జిలు చాలామంది నిజంగానే కొనసాగుతున్నారు.

తర్వాత ఆయన ఎక్కువగా టీవీకే పనిచేశాడు. జాక్ లండన్ 'సీ వుల్ఫ్' సిరీస్ 1971లో తీశాడు. 1984లో యుగోస్లావియాలో ఒక టీవీ సిరీస్ షూటింగ్ జరుగుతుండగానే చనిపోయాడు. చూడాలనుకుంటే ముందు చాక్లెట్ సినిమాతో మొదలుపెట్టండి.