పులుసులో పిండి: పచ్చిదా, వేయించినదా?

ఉత్తరాంధ్రలో బెల్లం పులుసు కాచేవాళ్లకు చివరి పని ఏమిటో తెలుసు. గుమ్మడి, ములక్కాడ, చిలగడదుంప ముక్కలు చింతపండు పులుసులో ఉడికి, అనకాపల్లి బెల్లం కరిగాక, కాస్త బియ్యప్పిండిని చన్నీళ్లలో జారుగా కలిపి పోస్తారు. రెండు పొంగులు రాగానే పులుసు గరిటెజారుగా చిక్కబడుతుంది. పిండిని ముందే పోయకపోవడంలో తెలివుంది. పులుపులో ఎక్కువసేపు మరిగితే పిండిపదార్థం విరిగి, పులుసు మళ్లీ పలచబడుతుంది.

గోధుమ తినే దేశాలవాళ్లు వేరే దారి పట్టారు. ఫ్రాన్సులో ల వరెన్ అనే వంటవాడు 1651లో అచ్చువేయించిన వంటల పుస్తకంలోనే, పిండిని పందికొవ్వులో వేయించి చిక్కదనానికి వాడే పద్ధతి ఉంది. దాన్నే ఇప్పుడు ‘రూ’ అంటున్నారు. కొవ్వు పిండి రేణువులను విడదీస్తుంది కనుక ఉండ కట్టదు. వేయించడంతో పచ్చివాసనా పోతుంది. ఈ పద్ధతి ఓడలెక్కి చాలా దూరం పోయింది. నౌకాదళ నగరమైన విశాఖవాసులకు నచ్చే సంగతొకటి: 1908 నాటి జపాను నౌకాదళ వంటల పుస్తకంలోని కూరను చిక్కబరిచింది కూడా కొవ్వులో వేయించిన గోధుమపిండే. ఆ కూర వాళ్లకు బ్రిటిషువారి నుంచి వచ్చింది. బ్రిటిషువారికి ఎక్కడ దొరికిందో చెప్పనక్కర్లేదు!

కొవ్వు వద్దనుకున్న అమెరికా లూసియానా వంటవాళ్లు కొందరు, గంబో అనే తమ చిక్కటి పులుసు కోసం పిండిని పళ్లెంలో పరిచి ఓవెన్‌లో పెడతారు. 180 డిగ్రీల దగ్గర, మధ్యమధ్య కలుపుతూ, ఇటుకరంగు వచ్చేదాకా ఉంచుతారు. నూనెచుక్క లేని ఇలాంటి పిండి మనకేం కొత్త? తొలి ఏకాదశికి పేలాలు దంచి బెల్లంతో కలిపే పేలపిండి ఆ జాతిదే.

అయితే ఒక మెలిక ఉంది. రంగు ముదిరేకొద్దీ రుచి పెరిగి, చిక్కబరిచే శక్తి తగ్గుతుంది. వేడికి పిండిపదార్థపు గొలుసులు తెగి డెక్‌స్ట్రిన్‌లుగా మారడమే కారణం. 1903లో ఫ్రెంచి వంటవాడు ఎస్కోఫియే అయితే, ముందుముందు గోధుమపిండి పోయి శుద్ధమైన పిండిపదార్థమే సాసుల్లోకి వస్తుందని జోస్యం చెప్పాడు. బియ్యప్పిండి పోసే మన అమ్మమ్మలు ఆ జోస్యానికి ఎప్పుడో దగ్గరగా ఉన్నారు.

బెల్లం పులుసుకు నా ఓటు పచ్చి బియ్యప్పిండికే. కోడికూరకు మాత్రం దోరగా వేయించిన గోధుమపిండి వేసి చూడండి. నేరుగా చల్లకండి, చన్నీళ్లలో కలిపి పోసి పది నిమిషాలు మరగనివ్వండి. మిగిలిన వేయించిన పిండిని పూర్తిగా చల్లారాకే సీసాకెత్తి మూత బిగించండి. విశాఖ గాలిలో చెమ్మ ఎక్కువ.