కన్నడ తొలి టాకీకి తెలుగు దర్శకుడు

కోలారు జిల్లాలో ఇంట తెలుగు, బడిలో కన్నడము పలుకు కుటుంబము లనేకము. అట్టివారికి మిక్కిలి స్మరణీయమైన విషయ మొకటి గలదు. కన్నడమున వెలువడిన తొలి టాకీ ‘సతీ సులోచన’కు దర్శకుడు తెలుగువాడు.

యరగుడిపాటి వరదరావుగారు 1903లో నెల్లూరున జన్మించిరి. మూకీ చిత్రములలో నటులుగను, దర్శకులుగను అనుభవము గడించిరి. చమన్‌లాల్ డుంగాజీ నిర్మించిన ‘సతీ సులోచన’ చిత్రీకరణము కొల్హాపురమున జరిగెను. మాటలు, పాటలు బెళ్ళావె నరహరిశాస్త్రిగారివి. సుబ్బయ్యనాయుడుగారు ఇంద్రజిత్తుగను, నాగేంద్రరావుగారు రావణుడుగను నటించిరి. 1934 మార్చి 3వ తేదీన చిత్రము బెంగుళూరున విడుదలయ్యెను.

పిదప వరదరావుగారు తమిళమున ‘చింతామణి’ (1937), తెలుగున వితంతు వివాహమును సమర్థించిన ‘మళ్ళీ పెళ్ళి’ (1939), చలనచిత్ర లోకమునే ఇతివృత్తముగా గొన్న ‘విశ్వమోహిని’ (1940) చిత్రములకు దర్శకత్వము వహించిరి. 1973లో కీర్తిశేషులైరి.

కన్నడమునకు తొలి టాకీ నొసగినందున ఆయన తెలుగుతనమునకు లోటు రాలేదు. తెలుగువా డగుటచే కన్నడిగులకు పరాయివాడును కాలేదు. రాష్ట్రముల యెల్లలు 1956లో భాషలనుబట్టి ఏర్పడినను, కోలారు తెలుగువారు రెండు భాషలతోడనే జీవించుచున్నారు. మాతృభాషను నిలుపుకొనుచు పొరుగుభాషకు సేవచేయవచ్చు ననుటకు ఈ చరిత్రయే నిదర్శనము. ఇచటి తెలుగు బాలబాలికలకు ఇది తప్పక తెలుపదగినది.