శ్రావణం, సావన్: భిలాయి పవర్ హౌస్ తెలుగువారి పండుగ మాటలు

దుర్గ్ నుంచి రాయపూర్ వైపు వెళ్లే రైలు భిలాయి నగర్ దాటాక ఆగే స్టేషను పేరు భిలాయి పవర్ హౌస్. స్టేషను పేరే చుట్టుపక్కల బజారుకూ పేరైంది. సోవియట్ యూనియన్‌తో 1955 ఫిబ్రవరిలో కుదిరిన ఒప్పందంతో ఇక్కడ ఉక్కు కర్మాగారం మొదలైంది. తొలి బ్లాస్ట్ ఫర్నేసును 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ ప్రారంభించారు. పని వెతుక్కుంటూ వచ్చినవారిలో ఉత్తరాంధ్ర జనం చాలామంది. వారి పిల్లలూ మనవలూ ఈనాటికీ క్యాంపులనే పేటల్లోనూ ఖుర్సీపార్‌లోనూ కనిపిస్తారు. ఇంట్లో తెలుగు, గడప దాటితే హిందీ, కూరగాయల బండి దగ్గర ఛత్తీస్‌గఢీ.

ఇలాంటి చోట పండుగల మాటలను పరిశీలించేవారు సాధారణంగా అరువు మాటల పట్టిక తయారుచేస్తారు. సెలవు ‘ఛుట్టీ’ అయింది, వినాయక చవితి ‘గణేశ్’ అయింది, జంధ్యాల పున్నమి ‘రాఖీ’ అయింది అని రాసి ముగిస్తారు. ఇవి పైపై మార్పులు. రాఖీ అనే మాట కోస్తాలోనూ తెలంగాణలోనూ ఎప్పుడో స్థిరపడింది, దానికి భిలాయి దాకా రానక్కర్లేదు. ఇక్కడ నిజంగా చూడవలసింది నెల పేరు.

తెలుగువారి నెల అమావాస్యతో ముగుస్తుంది. ఛత్తీస్‌గఢ్‌తో సహా ఉత్తరాది నెల పున్నమితో ముగుస్తుంది. శుద్ధ పక్షంలో ఇద్దరి నెల పేరూ ఒకటే. బహుళ పక్షం రాగానే వారు ఒక నెల ముందుంటారు. మన శ్రావణ బహుళ అష్టమి వారికి భాద్రపద కృష్ణ అష్టమి. కృష్ణుడు పుట్టిన రోజు మాత్రం ఒక్కటే. మన మహాలయ పక్షం భాద్రపదంలో, వారి పితృపక్షం ఆశ్వినంలో. తద్దినం పెట్టే తిథి మారదు.

2024నే తీసుకుందాం. ఉత్తరాది సావన్ జులై 22న, సోమవారం నాడు మొదలైంది. ఛత్తీస్‌గఢ్ రైతు పండుగ హరేలి ఆగస్టు 4న వచ్చింది. ఆ రోజు నాగలి, గొడ్డలి కడిగి పూజిస్తారు, గుమ్మానికి వేపరెమ్మ గుచ్చుతారు, పిల్లలు గేడీలనే వెదురు కర్రల మీదెక్కి నడుస్తారు. వారి పంచాంగంలో అది శ్రావణ అమావాస్య, మన పంచాంగంలో ఆషాఢ అమావాస్య. మర్నాడు, ఆగస్టు 5న, మన శ్రావణం మొదలయ్యేసరికి పొరుగింట్లో సావన్ సగం గడిచిపోయింది. ఆ పదిహేను రోజులూ పక్కింటివారు సోమవారాలు ఉపవాసముంటుంటే, తెలుగింట కొత్తకోడలు ఇంకా పుట్టింట్లో ఆషాఢం గడుపుతూనే ఉంది.

అందుకే ఇక్కడి తెలుగులో ‘సావన్’, ‘శ్రావణం’ పర్యాయపదాలు కావు. పుట్టుకకు రెండూ ఒకే సంస్కృత పదం. వాడుకలో ఒకటి పొరుగువారి సోమవారాలకూ శివాలయం వరుసలకూ చెందింది, రెండోది మంగళగౌరికీ వరలక్ష్మీ శుక్రవారానికీ చెందింది. ‘సావన్ వచ్చింది, మన శ్రావణం ఇంకా రాలేదు’ అంటే వినేవారికి వింతగా తోచదు. అరువు మాట సొంత మాటను తోసేయలేదు, దాని అర్థానికి హద్దు గీసింది. ‘కాతిక్’, ‘కార్తీకం’ విషయమూ అంతే. పొరుగువారి కాతిక్ స్నానాలు పున్నమితో అయిపోతాయి. తెలుగింట దీపం పోలి పాడ్యమి దాకా ఉంటుంది, వంటింట్లోకి నీచు అప్పుడుగాని రాదు.

గోడమీది క్యాలెండర్లే దీనికి సాక్ష్యం. ఈ ప్రాంతమంతా వాడే జబల్‌పూర్ లాలా రామస్వరూప్ పంచాంగం ఒక మేకుకు, ఊరినుంచి తెచ్చుకున్న వెంకట్రామా క్యాలెండరు ఇంకో మేకుకు వేలాడతాయి. పాల లెక్క, గ్యాసు బండ వచ్చిన తేదీ మొదటిదానిలో రాస్తారు. వర్జ్యం, తద్దినం తిథి రెండోదానిలో చూస్తారు. ఇక్కడ ఒక తమాషా. హిందీ పంచాంగం కూడా అమావాస్యకు 30 అనే అంకె వేస్తుంది. వారి లెక్కలో అది నెలకు నడిమి రోజు, ముప్పయ్యోది కానే కాదు. పంచాంగ చరిత్ర రాసినవారు దీన్ని నెల అమావాస్యతో ముగిసే పాత అమాంత గణనకు మిగిలిన ఆనవాలుగా చెబుతారు.

అధికమాసం వస్తే తేడా ఇంకా కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. 2023లో అధిక శ్రావణం జులై 18 నుంచి ఆగస్టు 16 దాకా నడిచింది. తెలుగువారికి ముందు అధికం, తర్వాత నిజం. ఉత్తరాదివారికి సావన్ రెండు ముక్కలై మధ్యలో అధికం ఇరుక్కుంది. దాంతో జులై 4న మొదలైన సావన్ ఆగస్టు చివరిదాకా సాగి, ఎనిమిది సోమవారాలు వచ్చాయి.

పెళ్లిళ్లకు వచ్చేసరికి ఈ తేడా ఖర్చులకు సంబంధించిన సంగతి. దేవశయని ఏకాదశి (మన తొలి ఏకాదశి) నుంచి కార్తిక శుద్ధ ఏకాదశి దాకా ఉత్తరాదిన ముహూర్తాలుండవు. తెలుగువారికి శ్రావణం పెళ్లిళ్ల నెల. పొరుగువారికి ‘సావన్‌లో పెళ్లా?’ అని ఆశ్చర్యం, మనవారికి అప్పుడు హాలు దొరకడం సులువు.

రెండు సంప్రదాయాలూ పేరుతో సహా కలిసిన చోటు ఒకటుంది. మన శ్రావణ అమావాస్యను పోలాల అమావాస్య అంటాం. అదే రోజు ఛత్తీస్‌గఢ్‌లో పోరా, మహారాష్ట్రలో పోళా. తెలంగాణ ఉత్తర జిల్లాల్లో ఆ రోజు ఎడ్లను అలంకరిస్తారు. కోస్తాలో తల్లులు కంద మొక్కకు పూజచేసి, పిల్లల క్షేమం కోరి తోరం కట్టుకుంటారు. ఛత్తీస్‌గఢ్‌లో మగపిల్లలకు చక్రాలున్న మట్టి ఎద్దు, ఆడపిల్లలకు మట్టి వంటపాత్రలు ఇస్తారు, ఠేఠ్రీ, ఖుర్మీ అనే పిండివంటలు చేస్తారు. తొమ్మిది రోజుల ముందు, అదే బహుళ పక్షంలో షష్ఠినాడు, ఇక్కడి తల్లులు కమర్‌ఛఠ్ నోము పట్టి, నాగలి తగలని నేలలో పండిన పసహర్ బియ్యం తింటారు. బిడ్డల కోసం కోస్తా తల్లి కందను పూజించడం, ఛత్తీస్‌గఢ్ తల్లి దున్నని నేల పంట తినడం ఒకే పక్షంలో రావడం యాదృచ్ఛికం కాదని నా అభిప్రాయం. ఎడ్ల పండుగ, తల్లుల నోము ఒకదానికొకటి ఎలా ముడిపడ్డాయో పరిశోధించాలంటే రెండూ పక్కపక్కనే కనిపించే భిలాయి మంచి చోటు.

కార్తిక శుద్ధ చవితి మరో కలయిక, అయితే ఇందులో పేరు కలవదు. ఉత్తరాంధ్రవారు నాగులచవితికి పుట్టలో పాలు పోసే రోజే బీహారీ కార్మిక కుటుంబాలు ఛఠ్ వ్రతానికి తొలి స్నానం చేస్తాయి. 2024లో నవంబరు 5న రెండూ జరిగాయి. ఛత్తీస్‌గఢ్ నాగపంచమి మాత్రం శ్రావణంలోనే అయిపోతుంది. అందుచేత ఇక్కడి తెలుగు పిల్లవాడికి పాముల పండుగ ఏడాదికి రెండుసార్లు వస్తుంది.

సెలవుల జాబితాలో తెలుగు పండుగలకు చోటు తక్కువ. రాష్ట్ర ప్రభుత్వం 2019లో హరేలి, తీజ, ఛఠ్‌లకు సెలవులిచ్చింది. కనుమ, నాగులచవితి లాంటివి సొంత లీవు ఖాతాలోకి పోతాయి. ఫర్నేసు ఏ పండుగకూ ఆగదు కాబట్టి షిఫ్టు మార్చుకోవడమే దారి.

ప్రవాస తెలుగు మాండలికాలకు పదకోశం కూర్చేవారికి ఒక మనవి. పండుగ పేరు ఎదుట హిందీ సమానార్థకం రాసి ఊరుకోకండి. మాసం, పక్షం, తిథి మూడూ రాయండి, ఎవరి లెక్క ప్రకారమో కూడా రాయండి. అది లేకపోతే ‘శ్రావణం = సావన్’ అనే పద్దు ఏటా రెండు పక్షాలపాటు తప్పు చెబుతుంది.