బస్సు పర్మిట్ కోసం సుప్రీంకోర్టుకెళ్ళిన కృష్ణా జిల్లా

లా చదివే మీ ఫ్రెండ్‌ని "గుల్లపల్లి నాగేశ్వరరావు కేసు ఏంటి?" అని అడిగి చూడండి. వెంటనే చెప్పేస్తారు. అది మన కృష్ణా జిల్లా ప్రైవేటు బస్సుల కేసు.

ఒక రూట్లో బస్సు తిప్పాలంటే పర్మిట్ ఉండాలి. అది పోతే బస్సు షెడ్డులోనే. 1956లో మోటారు వాహనాల చట్టంలో 4-ఎ అనే కొత్త అధ్యాయం చేర్చారు. ప్రభుత్వ రవాణా సంస్థ ఒక స్కీమ్ వేసి, ఏ రూట్‌నైనా తనే తీసుకోవచ్చు. పర్మిట్ పోగొట్టుకున్న ఓనరుకి పరిహారం ఎంతో తెలుసా? మిగిలిన గడువుకి నెలకి 200 రూపాయలు!

అయితే అదే చట్టం ఓనర్లకి ఒక హక్కు కూడా ఇచ్చింది. స్కీమ్ ఖాయం చేసేముందు ప్రభుత్వం వాళ్ళ అభ్యంతరాలు వినాలి.

నిజాం కాలంలో, 1932లో, 27 బస్సులతో మొదలైన సర్కారీ బస్సు వ్యవస్థ అప్పుడు కృష్ణా జిల్లాలోకి వస్తోంది. 1958 జనవరి 11న అదే ఏపీఎస్‌ఆర్టీసీ అయింది. ఇక్కడి స్కీమ్ మీద ఓనర్లు అభ్యంతరాలు పెట్టారు. వాటిని విన్నది రవాణా వ్యవహారాలు చూసే శాఖ కార్యదర్శి. ఆమోదించింది ముఖ్యమంత్రి.

ఓనర్లు నేరుగా సుప్రీంకోర్టుకి వెళ్ళారు. అయిదుగురు జడ్జిల బెంచి. 1958 నవంబరులో 3-2 మెజారిటీతో తీర్పు వచ్చింది. రాసింది మన రాజమండ్రి మనిషి, జస్టిస్ కోకా సుబ్బారావు. ఆయన రెండు తప్పులు పట్టుకున్నారు.

ఒకటి, రూట్లు కావాలంటున్నదే ఆ శాఖ. ఆ శాఖ పెద్దే కూర్చుని అభ్యంతరాలు వింటే న్యాయం ఎలా అవుతుంది? రెండు, విన్నది ఒకరు, తేల్చింది ఇంకొకరు. ఎదురుగా నిలబడి చెప్పుకున్న మాట, నిర్ణయం తీసుకునే మనిషి చెవిన పడకపోతే ఆ విచారణ ఎందుకు? అందుకే ఆ ఆమోదం చెల్లదన్నారు.

మరి ఓనర్లు గెలిచినట్టేనా? కాదు! ప్రభుత్వం పద్ధతి మార్చింది. ఈసారి ముఖ్యమంత్రే స్వయంగా విన్నారు. ఓనర్లు మళ్ళీ కోర్టుకెళ్ళారు. కార్యదర్శి అయితే శాఖలో భాగం, మంత్రి అలా కాదని 1959లో సుప్రీంకోర్టు చెప్పింది. స్కీమ్ నిలబడింది.

రూట్లు పోయాయి గానీ, వాళ్ళు తెచ్చిన సూత్రం మిగిలింది: సాధారణంగా విన్నవాళ్ళే నిర్ణయించాలి. అవతలి పక్షం మనిషి జడ్జి కుర్చీలో కూర్చోకూడదు. ఇప్పుడున్న 1988 చట్టంలో కూడా ఇలాంటి స్కీముల మీద అభ్యంతరాలు వినాల్సిందే.

కాబట్టి రేపు ఏ ఆఫీసు నుంచైనా "మీ వాదన వినిపించుకోండి" అని నోటీసు వస్తే, రెండు ప్రశ్నలు అడగండి. వినేది ఎవరు? తేల్చేది ఎవరు?