ఖాళీ అని తేలేదాకా: 75 ఏళ్ల ఎన్.సి.సి.లో రైఫిల్ పాఠం

ఎన్.సి.సి.లో పేరు రాయించుకున్న కుర్రాడు తుపాకి పేల్చాలన్న ఉబలాటంతోనే వస్తాడు. ఆ ఉబలాటాన్ని మన సంస్థ వెంటనే తీర్చదు. సావధాన్, విశ్రామ్ అయ్యాక కవాతు, కవాతు అయ్యాక రైఫిల్ భాగాల పేర్లు, వాటిని విప్పి తుడిచి మళ్లీ బిగించడం, ఆ తర్వాత తూటా లేని రైఫిల్‌తో గడ్డిలో బోర్లా పడుకుని సాధన. అసలు తూటాను వేళ్లతో తాకే రోజు ఇవన్నీ దాటాక గాని రాదు.

ఈ 75 ఏళ్లలో ఎన్.సి.సి. దేశానికి ఏమిచ్చిందని అడిగితే గణతంత్ర దినోత్సవ కవాతునూ, సైన్యంలో అధికారులైన పూర్వ క్యాడెట్లనూ, రక్తదాన శిబిరాలనూ, వరదల్లో చేసిన సేవనూ ముందుగా చెబుతారు. అవన్నీ నిజమే. నేను మాత్రం మొదటి స్థానం ఆ ఆలస్యానికి ఇస్తాను. పదిహేనేళ్లు దాటీ దాటని పిల్లల చేతికి ఆయుధం ఇచ్చి, దాన్ని పేల్చడం కంటే ముందు ఖాళీ చేయడం నేర్పిన సంస్థ మనది. ప్లాటినం జూబిలీ సంచికలో ఆ పాఠం గురించి వివరంగా రాయాలని ఎన్నాళ్లుగానో అనుకుంటున్నాను.

మన మూలాలు 1917లో కలకత్తాలో మొదలైన యూనివర్సిటీ కోర్‌లో ఉన్నాయి. అది 1920లో యూనివర్సిటీ ట్రైనింగ్ కోర్ అయింది, 1942లో ఆఫీసర్లను తయారుచేసే కోర్‌గా మారింది. 1946లో పండిట్ హృదయనాథ్ కుంజ్రూ అధ్యక్షతన వేసిన సంఘం, పాఠశాలలనూ కళాశాలలనూ కలుపుకొని దేశమంతటికీ ఒకే దళం ఉండాలని సిఫారసు చేసింది. ఆ సిఫారసు చట్టమై, 1948 జూలైలో నేషనల్ క్యాడెట్ కోర్ (ఎన్.సి.సి.) ఆవిర్భవించింది. అప్పటికి తెలుగు జిల్లాలు కొన్ని మద్రాసు ప్రావిన్సులో ఉన్నాయి. మరికొన్ని ఇంకా నిజాం ఏలుబడిలోనే ఉన్నాయి, హైదరాబాద్ సంస్థానం భారతదేశంలో కలిసింది రెండు నెలల తర్వాత సెప్టెంబరులో. ఈనాడు ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండింటికీ సికింద్రాబాద్‌లోని ఒకే డైరెక్టరేట్. రాష్ట్రాలు కలిసినా విడిపోయినా కాకినాడ క్యాడెట్, వరంగల్ క్యాడెట్ ఒకే ఆదేశానికి ఒకేలా బోల్ట్ తెరుస్తూ వచ్చారు.

1949లో బాలికల విభాగం వచ్చింది. 1960లో ఎన్.సి.సి. రైఫిల్స్ అనే విభాగం పెట్టారు. చైనా యుద్ధం తర్వాత 1963లో కళాశాలల్లో ఎన్.సి.సి.ని తప్పనిసరి చేశారు, 1968లో మళ్లీ ఇష్టమైనవారికే పరిమితం చేశారు. ఇష్టం లేని పిల్లవాడి చేతికి బలవంతంగా రైఫిల్ ఇవ్వకపోవడమే మంచిదని నా అభిప్రాయం. జాగ్రత్త అనేది అక్కడ ఉండాలని కోరుకుని వచ్చినవాడికే త్వరగా అబ్బుతుంది.

మన తరాలకు పరిచయమైన ఆయుధం .303 లీ-ఎన్‌ఫీల్డ్. దాని బోల్ట్, మ్యాగజైన్ రూపొందించింది జేమ్స్ పారిస్ లీ, తయారైంది ఇంగ్లండులోని ఎన్‌ఫీల్డ్ కర్మాగారంలో. 1907లో ఆమోదం పొందిన మూడో మార్క్‌ను మన దేశంలో బెంగాల్‌లోని ఇషాపూర్ రైఫిల్ ఫ్యాక్టరీ దశాబ్దాలపాటు తయారుచేసింది. దీనికి పది తూటాల మ్యాగజైన్ ఉంటుంది. బోల్ట్ పిడిని పైకి తిప్పి వెనక్కి లాగితే కాలిన తూటా గొట్టం బయటపడుతుంది. ముందుకు తోస్తే మ్యాగజైన్‌లోని పై తూటా ఛాంబర్‌లోకి వెళుతుంది. ఆ తోపు చివర్లో స్ప్రింగు బిగుసుకుంటుంది, పిడిని కిందికి దించితే తాళం పడుతుంది. పని అంతా చేత్తోనే జరుగుతుంది కాబట్టి ఏ దశలో ఏం జరుగుతోందో చూసేవాడికి కనబడుతుంది. పిల్లలకు పాఠం చెప్పడానికి ఇంతకంటే మంచి ఆయుధం దొరకదని నేను గట్టిగా నమ్ముతాను.

కానీ కనబడేదాన్ని కూడా తప్పుగా అర్థం చేసుకోవచ్చు. మ్యాగజైన్ ఊడదీసేస్తే రైఫిల్ ఖాళీ అయిపోయిందనుకోవడం కొత్తవాళ్లందరిలో కనిపించే పొరపాటు. అప్పటికే ఛాంబర్‌లోకి వెళ్లిన తూటా అక్కడే ఉంటుంది. దానికి తిరగేసిన పొరపాటు ఇంకా ప్రమాదకరం. బోల్ట్ వెనక్కి లాగి, ఒక తూటా బయటపడటం చూసి ఇక అయిపోయిందనుకుని బోల్ట్ మూసేస్తారు. మ్యాగజైన్ ఇంకా బిగించే ఉంటే, ఆ మూయడంతోనే రెండో తూటా లోపలికి వెళ్లిపోతుంది. ఖాళీ చేస్తున్నానని అనుకుంటూనే నింపుకున్నట్టవుతుంది. అందుకే ఉస్తాద్, అంటే శిక్షణ ఇచ్చేవారు, చెప్పే వరస ఎప్పుడూ ఒకటే: గొట్టం రేంజి వైపు, వేలు ట్రిగ్గర్‌కు దూరంగా, ముందు మ్యాగజైన్ తీయాలి, తర్వాత బోల్ట్ తెరవాలి, ఆ తర్వాత ఛాంబర్‌లోకి కళ్లతో చూడాలి. చీకటైతే చిటికెన వేలు పెట్టి తడిమి చూడాలి.

మన పెరేడ్‌లో ఈ వరసకు ఒక ఆదేశం ఉంది: నిరీక్షణ్ కే లియే జాంచ్ శస్త్ర. ఆ మాటకు క్యాడెట్ రైఫిల్‌ను ఒంటికి అడ్డంగా తెచ్చి బోల్ట్ తెరిచి నిలబడతాడు. తనిఖీ చేసేవారు ఒక్కొక్కరి దగ్గర ఆగి ఛాంబర్‌లోకి చూస్తారు. వారు దాటి వెళ్లాక బోల్ట్ చలా అన్న ఆదేశం వస్తుంది, అప్పుడే మూయాలి. ఇది ఫైరింగ్ ముందూ జరుగుతుంది, ఫైరింగ్ తర్వాతా జరుగుతుంది, తూటా ముఖం చూడని డ్రిల్ రైఫిల్‌తో కూడా జరుగుతుంది. డి.పి. అని గుర్తు వేసిన, పేలే అవకాశమే లేని ఆ రైఫిల్‌ను ఎందుకు చూడాలని పిల్లలు అడుగుతారు. అడగాల్సిన ప్రశ్నే. అలవాటు చేతికి పట్టాలంటే, ఈ తుపాకి పేలుతుందా లేదా అని మనసు బేరం పెట్టే వీలు ఉండకూడదు. చేతిలోకి వచ్చిన ప్రతి రైఫిల్‌లోనూ తూటా ఉన్నట్టే చూడాలి, లేదని తన కళ్లతో చూసేదాకా. పక్కవాడు చూశానన్నా సరే, చేతులు మారగానే మళ్లీ చూడాలి.

నింపడంలోనూ నేర్పు ఉంది. .303 తూటా అడుగున అంచు బయటికి పొడుచుకుని ఉంటుంది. మ్యాగజైన్‌లో పై తూటా అంచు కింది తూటా అంచుకు ముందు ఉండాలి. వెనక పడితే బోల్ట్ తోసినప్పుడు రెండూ ఒకదానికొకటి తగులుకుని ఆగిపోతాయి. అలా ఆగిపోయినప్పుడు కుర్రాడు కంగారుపడి బలం ఉపయోగిస్తాడు, రైఫిల్‌ను అటూ ఇటూ తిప్పుతాడు. ప్రమాదం అప్పుడే పొంచి ఉంటుంది. అందుకే అయిదు తూటాల చార్జర్ క్లిప్పును ఎలా పేర్చుకోవాలో, బొటనవేలితో ఎలా దించాలో ముందే డమ్మీ తూటాలతో నేర్పుతారు. సేఫ్టీ క్యాచ్ ఎడమవైపు వెనకగా ఉంటుంది, వెనక్కి తిప్పితే భద్రం, ముందుకు తిప్పితే ఫైర్. ఆ మీటను నమ్ముకుని గొట్టాన్ని మనిషి వైపు తిప్పే హక్కు మాత్రం ఎవరికీ లేదు. అది లోహంతో చేసిన మీట, అరుగుతుంది, చొక్కా గుండీకి తగిలి జరుగుతుంది. గొట్టం ఎటు చూస్తోందన్నదే అన్నిటికంటే పెద్ద రక్ష.

రేంజి మీద మన క్యాడెట్లు ఎక్కువగా పేల్చింది .22 రైఫిల్‌తోనే, 25 గజాల దూరంలో. లీ-ఎన్‌ఫీల్డ్ రూపంలోనే, చేతికి ఇంచుమించు అదే బరువు తగిలేలా చేసిన శిక్షణ రైఫిల్ అది. ఆ రకంలో తూటాను ఒక్కొక్కటిగా చేత్తో ఛాంబర్‌లో పెట్టాలి, కింద ఉన్న మ్యాగజైన్ పెట్టె కాలిన ఖాళీలను పట్టుకోవడానికే. చిన్న తూటా కదా అని దాన్ని తేలిగ్గా చూసేవారుంటారు. అదే చిన్న తూటా కిలోమీటరుకు పైగా వెళుతుంది. అందుకే ఎదురుగా మట్టికట్ట, ఎర్రజెండా, చుట్టూ కాపలా. పశువులు తోలుకుంటూ ఎవరైనా అటు వస్తే చాలు, ఫైరింగ్ మొత్తం ఆగిపోతుంది, బోల్ట్‌లు తెరుచుకుంటాయి, చేతులు రైఫిల్‌ను వదిలేస్తాయి. బట్ దగ్గర, అంటే టార్గెట్లు ఉన్న కట్ట దగ్గర, మనిషి ఉండగా ఫైరింగ్ లైన్ మీద ఎవరూ తుపాకి ముట్టుకోరాదు, గురి సరిచూసుకోవడానికైనా సరే.

ట్రిగ్గర్ నొక్కితే టిక్కుమని శబ్దం వచ్చి తూటా పేలకపోతే ఏం చేయాలో ప్రతి క్యాడెట్‌కూ నేర్పాలి. ఏమీ చేయకూడదు. గొట్టాన్ని టార్గెట్ వైపే ఉంచి, చెయ్యెత్తి చెప్పి, అర నిమిషం అలాగే ఆగాలి. మందు ఆలస్యంగా అంటుకునే తూటాలుంటాయి. వెంటనే బోల్ట్ తెరిస్తే అది ముఖం ముందే పేలవచ్చు. దీనికి తోడు మరొకటి ఉంది, దీన్ని చాలామంది గమనించరు. పేలిన శబ్దం మామూలుకంటే బలహీనంగా వినబడితే, గుండు గొట్టంలోనే ఇరుక్కుని ఉండవచ్చు. దాని వెనక ఇంకో తూటా పేల్చారంటే గొట్టం పగులుతుంది. అలాంటప్పుడు రైఫిల్ ఖాళీ చేసి, బోల్ట్ ఊడదీసి, వెనకవైపు నుంచి గొట్టంలో వెలుతురు కనబడుతోందో లేదో చూసాకే మళ్లీ మొదలుపెట్టాలి. రేంజి మీద చెవి కూడా పనిచేస్తుండాలని ఉస్తాద్‌లు చెప్పేది ఇందుకే.

ఫైరింగ్ అయ్యాక ఖోఖాలు, అంటే కాలిన తూటా గొట్టాలు, లెక్కపెట్టి అప్పగించడం, జేబులు తడుముకుని తన దగ్గర తూటాగాని ఖోఖాగాని లేదని ఒక్కొక్కరూ పైకి చెప్పడం పిల్లలకు విసుగు పుట్టించే పని. జ్ఞాపకంగా ఇంటికి తీసుకెళ్లాలనుకున్న ఒక్క తూటా చెల్లెలి చేతిలో పడి, ఆమె దాన్ని రాయితో కొడితే ఏమవుతుందో చెబితే ఆ విసుగు పోతుంది.

కోత్‌లో, అంటే ఆయుధాల గదిలో, రైఫిళ్లు ఒకచోట, వాటి బోల్ట్‌లు వేరేచోట తాళం వేసి ఉంచే పద్ధతి దొంగల భయంతో పెట్టిందే. కానీ దానివల్ల ఇంకో బాధ్యత పుట్టింది. ప్రతి బోల్ట్‌నూ దాని రైఫిల్‌కే సరిచూసి బిగిస్తారు, పిడి మీది నంబరూ బాడీ మీది నంబరూ ఒకటై ఉండాలి. ఒకదాని బోల్ట్ ఇంకోదానికి పెడితే చూపుకు సరిగ్గానే కూర్చుంటుంది, పేల్చినప్పుడు తూటా అడుగు భాగానికి కావలసినంత ఆనిక దొరకక తూటా గొట్టం చిరిగి వేడి వాయువు వెనక్కి తన్నవచ్చు. రైఫిల్ తీసుకునేటప్పుడు నంబర్లు చదివి వినిపించమనే ఉస్తాద్ చాదస్తుడు కాడు.

తుడవడం గురించి రెండు మాటలు. పుల్‌త్రూ తాడుకు కట్టే చిందీ గుడ్డ శుభ్రం చేయడానికి నాలుగంగుళాల పొడవు, రెండంగుళాల వెడల్పు. నూనె పూయడానికి వెడల్పు అర అంగుళం తక్కువ. ఈ కొలతలు మనవాళ్లకు ఇప్పటికీ నోటికి వస్తాయి. ఫైరింగ్‌కు ముందు గొట్టంలో నూనె మిగలకుండా పొడిగా తుడవాలని మాత్రం కొందరు మరిచిపోతారు.

ఆయుధాల చట్టం, 1959, విధి నిర్వహణలో ఉన్న ఎన్.సి.సి. సభ్యుడికి 45వ సెక్షన్‌లో మినహాయింపు ఇచ్చింది. మామూలు పౌరుడు లైసెన్సు లేకుండా ముట్టుకోలేని వస్తువును మన పిల్లలు యూనిఫాం వేసుకుని ముట్టుకుంటున్నారంటే, చట్టసభ మన శిక్షణ మీద పెట్టిన నమ్మకం ఎంతటిదో ఆలోచించాలి. ఆ నమ్మకాన్ని నిలబెట్టింది సైన్యం నుంచి వచ్చిన హవల్దార్లు, సుబేదార్లు, వారి పక్కన నిలబడిన మన లెక్చరర్లు, టీచర్లు. కాంప్టీలోని ఎన్.సి.సి. అకాడమీలో శిక్షణ పొంది వచ్చిన ఆ తెలుగు మాస్టార్లూ ఫిజిక్స్ మాస్టార్లూ ఆదివారం పొద్దున్నే రేంజి మీద బోర్లా పడుకున్న పిల్లల వెనక నిలబడి, టార్గెట్ వైపు కాకుండా పిల్లల వేళ్ల వైపు చూస్తూ గడిపారు. జూబిలీ సన్మానాల్లో వారి పేర్లు పిలవాలి.

ఇషాపూర్ ఫ్యాక్టరీ 1960ల్లో లీ-ఎన్‌ఫీల్డ్ నమూనాలోనే 7.62 రైఫిల్ చేసింది, దాని మ్యాగజైన్‌లో 12 తూటాలు పడతాయి. తర్వాత పాఠాల్లో ఎస్.ఎల్.ఆర్., ఇన్‌సాస్ రైఫిళ్లు చేరాయి. అవి బోల్ట్‌ను తామే వెనక్కి తోసుకుని తామే మళ్లీ నింపుకుంటాయి. అంటే ఒక తూటా పేలగానే మరొకటి సిద్ధంగా ఉంటుంది. చేత్తో బోల్ట్ తిప్పి నేర్చుకున్న పిల్లవాడికి ఆ లోపలి పని ఊహలో కనబడుతుంది, అందుకే అతడు ఆ ఆయుధాల దగ్గర ఇంకా జాగ్రత్తగా ఉంటాడు. తెర మీద గురిపెట్టే సిమ్యులేటర్లు వచ్చిన ఈ రోజుల్లో కూడా మొదటి పాఠానికి బోల్ట్ రైఫిల్‌నే ఉంచమని అడుగుతాను.

ఒక విన్నపం కూడా ఉంది. ఉత్సవాల్లో భాగంగా పూర్వ క్యాడెట్లకు ఫైరింగ్ పోటీలు పెట్టాలని కొన్ని యూనిట్లు అనుకుంటున్నాయి. ముప్ఫై, నలభై ఏళ్ల తర్వాత రైఫిల్ పట్టుకునేవాళ్లు వస్తారు, కొందరు రిటైరైన ఆఫీసర్లూ వస్తారు, మనవళ్లు ఫోటోలు తీయడానికి ముందుకు వస్తారు. పెద్దవాళ్లు కదా అని మొహమాటపడి ఎవరినీ నేరుగా ఫైరింగ్ లైన్ మీదికి పంపవద్దు. తూటాల పెట్టె తెరవకముందే అందరినీ వరసలో నిలబెట్టి జాంచ్ శస్త్ర చేయించండి. పేల్చే ముందు డమ్మీ తూటాలతో ఒకసారి నింపించి, ఒకసారి ఖాళీ చేయించండి. ప్రతి ఇద్దరు ఫైరర్లకూ ఒక ఉస్తాద్ వెనక ఉండాలి. ఫోటోలు తీసేవాళ్లు తాడు అవతలే ఆగాలి. గుళ్ల గ్రూపింగ్ ఎంత దగ్గరగా వచ్చిందని ఆ తర్వాత అడుగుదాం.