పురుగుమందు లేని ప్రత్తి

1970వ సంవత్సరమున సూరతు పరిశోధనా క్షేత్రమునందు పుట్టిన హెచ్–4 అను సంకరజాతి ప్రత్తియు, దాని వెనుక వరుసగా వచ్చిన తోడి వంగడములును, గుంటూరు, ప్రకాశము జిల్లాల నల్లరేగడి భూములకు ఎంతటి సిరిని చూపెనో, అంతటి చింతను గూడ వెంటబెట్టుకొని వచ్చెను. దేశవాళీ ప్రత్తిని జొన్నతోను కందితోను కలిపి వేసికొను అలవాటు సడలి, ఎటుచూచినను ఒంటి పంటయే విస్తరించినకొలది, మందు కొట్టనిదే కాయ నిలువదన్న భయము రైతు గుండెలో పాతుకొనెను. 1980ల తొలినాళ్లలో వచ్చిన సింథటిక్ పైరిత్రాయిడ్ మందులు మొదట అద్భుతముగా పనిచేసెను; కాని అవి శనగపచ్చ పురుగుతోపాటు పురుగులను తిని బ్రతుకు మిత్రకీటకములను గూడ హతమార్చుటచే, అంతవరకు లెక్కకు రాని తెల్లదోమ విజృంభించి పైరును తుడిచిపెట్టెను. 1987–88లో ఆ జిల్లాల రైతులు పలువురు ప్రాణములు తీసికొనిరి. పదేండ్లకు, 1997–98లో, ఓరుగల్లు ప్రాంతమున అదే విషాదము లద్దెపురుగు వెంట మరల వచ్చెను. పైరుకని అప్పుతెచ్చిన మందునే త్రాగి మరణించినవారు ఎందరో!

ఈ మరణములకు పురుగు నెపము మాత్రమే; మూలము అప్పు. విత్తనము, ఎరువు, మందు మూడును ఒకే అంగడిలో అరువు తెచ్చుకొని, పంట చేతికి రాగానే ఆ అంగడివానికే, అతడు చెప్పిన ధరకే, తూచి యిచ్చుట పలుచోట్ల వాడుకయయ్యెను. ఏ పురుగునకు ఏ మందో చెప్పువాడును, దానిని అమ్మువాడును, వడ్డీ వసూలు చేసికొనువాడును ఒక్కడే అయినప్పుడు, ఈ తడవ కొట్టనక్కరలేదని రైతునకు చెప్పు దిక్కెవరు?

ఆ మాట చెప్పగల విద్య ప్రత్తి చేలలో గాక, తెలంగాణమున ఆముదపు చెలకలలో మొలకెత్తినది. 1980ల చివర ఎర్ర గొంగళిపురుగు ఆముదపు మొలకలను నేలమట్టము చేయుచుండగా, డాక్టర్ ఎం. ఎస్. చారి వంటి కీటకశాస్త్రజ్ఞులును, స్వచ్ఛంద సంస్థలవారును ఆ పురుగు జీవితమును రైతుల కన్నుల యెదుట విప్పి చూపిరి. తొలకరి గట్టిగా కురిసిన తరువాతి రాత్రులలో నేలలోనుండి రెక్కలపురుగులు పైకి వచ్చి వెలుగునకు మూగును. ఆ రాత్రులందే గట్లపై మంటలు వేసినచో గ్రుడ్లు పెట్టకమునుపే అనేకము మాడిపోవును. కాని ఒక్కరు తమ చెలకలో మాత్రమే వేసిన ఫలము లేదు, ఊరంతయు కదలవలెను. మిగిలి బయలుదేరిన గొంగళిపురుగులు చేని చుట్టును పరచిన జిల్లేడు కొమ్మలకు చేరును, అక్కడనే ఏరివేయవచ్చును. నా దృష్టిలో ఈ పద్ధతికి ప్రాణము మందునకు మారుగా చల్లు కషాయములలో లేదు, ఊరు ఒక్కటై పురుగును గమనించుటలో ఉన్నది.

పాల్వంచ చేరువనున్న పునుకుల గ్రామమున ఈ విద్య ప్రత్తికి అన్వయింపబడెను. అయిదు కిలోల వేపగింజల పప్పును దంచి, పలుచని గుడ్డలో మూటగట్టి, రాత్రంతయు నీట నానబెట్టి, తెల్లవారి పిండి, కొంచెము సబ్బుపొడి కలిపి, నూరు లీటర్లు చేసి సాయంకాలమున చల్లిరి. పసుపుపచ్చ పళ్లెములకు జిగురు పూసి నిలిపిరి. ఎర పంటలుగా ఆముదము, బంతి వేసిరి. పక్షులు వ్రాలుటకు కర్రలు నాటిరి. అక్షింతల పురుగును చూచి మురియుట అప్పుడు నేర్చిరి! 2004 నాటికి ఊరు పురుగుమందును పూర్తిగా విడిచెను. మందు ఖర్చు తొలగగానే అంగడి అప్పు తగ్గెను, తాకట్టున నున్న భూములు కొన్ని తిరిగి వచ్చెను. మందు కొట్టి వాంతులతో, కండ్లు తిరిగి ఆసుపత్రికి పరుగెత్తుట తప్పెను.

ఓరుగల్లు జిల్లాలో అప్పుడుండిన ఏనెబావి ఇంకొక అడుగు వేసి, 2006 ప్రాంతమున రసాయనిక ఎరువులను గూడ వదలెను. 2005 మొదలు గ్రామీణ పేదరిక నిర్మూలన సంస్థ మహిళా సంఘముల ద్వారా పురుగుమందు లేని ఈ సేద్యమును పలు జిల్లాలకు వ్యాపింపజేసెను. ఆంధ్రప్రదేశమున రైతు సాధికార సంస్థ ఆధ్వర్యమున నేడు ప్రకృతి వ్యవసాయముగా సాగుచున్నదానికి పునాది ఇదియే.

అయితే ఆదాయవ్యయములు వ్రాయునప్పుడు మందు డబ్బా ధరను కొట్టివేసి మిగులు చూపువారు ఒక పద్దును తరచు మరతురు. వేపపండ్లు రాలునది తొలకరి ముంగిటనే, దుక్కి దున్ని విత్తనమునకు సిద్ధపడు దినములలోనే. వానకు తడిసిన గింజ బూజుపట్టి పనికిరాదు గనుక, చెట్టు క్రింద రాలినదానిని రాలినట్లే ఏరి, తోలు తీసి, నీడన ఆరబెట్టవలెను. ఆ పని స్త్రీలది. పునుకుల స్త్రీలు గింజలను పొడిచేసి అమ్ముకొని తమ శ్రమకు వెల కట్టుకొనిరి. తక్కిన ఊళ్లు పలుచోట్ల ఇంటి చేనికని దంచిన పొడికి కూలి పద్దు పడలేదు.