తిరుత్తణి రాళ్లు దాటేసిన జంతువు

తిరుత్తణికి ఉత్తరాన కనిపించే నగరి కొండల క్వార్ట్‌జైటు వయసు వంద కోట్ల ఏళ్లకు పైమాటే. తిరువళ్లూరు జిల్లాలోనే పూండి వైపు వస్తే శ్రీపెరుంబుదూరు శిలలు తగులుతాయి. అమ్మోనైట్ల అచ్చులూ, నేలమీది మొక్కల ఆకుల ముద్రలూ కలిసి దొరికే ఆ షేలు సుమారు 12 కోట్ల ఏళ్ల కిందటి తీరసముద్రపు బురద. సముద్రం వచ్చిన చోట సముద్రపు మొసళ్ల పూర్వీకులు కూడా ఉండాలి కదా అనిపిస్తుంది. కానీ అలాంటి పూర్వీకులని పొరబడే ఫైటోసార్లనే పొడుగుమూతి జంతువులు 20 కోట్ల ఏళ్ల కిందటే అంతరించాయి. ఈ రెండు రాళ్ల నడుమ ఉన్న ఖాళీలోనే వాటి కథంతా నడిచి ముగిసింది. వాటి ఎముకలు కావాలంటే గోదావరి లోయకు, ఆసిఫాబాద్ ప్రాంతంలోని మాలేరికి పోవాలి.

అక్కడ దొరికింది పారాసుకస్. ఆ పేరు 1870లో హక్స్‌లీ పెట్టింది. 1885లో లైడెక్కర్ నాగపూర్ మిషనరీ స్టీఫెన్ హిస్లాప్ పేరు చేర్చి పారాసుకస్ హిస్లోపి అన్నాడు. తమాషా ఏమిటంటే, ఆయన చేతిలోని ముక్కల్లో మూతి ఫైటోసార్‌దే గానీ, పుర్రె అడుగుభాగం రింకోసార్ అనే శాకాహారిది. ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ సేకరించిన నిండు అస్థిపంజరాలను 1978లో శంకర్ ఛటర్జీ వర్ణించాకే జంతువు రూపు తేలింది. చూపుకు అచ్చం మొసలే. అయినా దాన్ని మొసలికి తాత అనడం తప్పని నా వాదన. మొసలికి ముక్కురంధ్రాలు మూతి కొసన ఉంటే, దీనికి కళ్ల దగ్గరే ఉన్నాయి. మొసళ్ల వైపు తొలి కొమ్మ ఇదేనని కొందరూ, మొసళ్లూ పక్షులూ విడిపోకముందే వేరైన కొమ్మ అని కొందరూ అంటారు. ఏది నిజమైనా నేటి మొసలి దీని కడుపున పుట్టలేదు. ఆ రూపాన్నిచ్చింది నీటి అంచున కాపుకాసి పట్టుకునే బతుకుతెరువు. మాలేరి అస్థిపంజరాల పొట్టభాగంలో మాలేరిసారస్ అనే చిన్న జంతువు ఎముకలు దొరకడమే అందుకు సాక్ష్యం.

మరి సముద్రం మాటేమిటి? వీటి బంధువు మిస్ట్రియోసుకస్ ఇటలీలోనూ ఆస్ట్రియాలోనూ సముద్రపు సున్నపురాళ్లలో దొరికింది. నదిలో చచ్చిన కళేబరాలు అక్కడికి కొట్టుకుపోయి ఉండవచ్చునన్న అభ్యంతరం ఒంటరి ఎముకకు చెల్లుతుంది. ఆస్ట్రియాలో కనీసం నాలుగు జంతువులు, ఒక్కోటి దాదాపు నాలుగు మీటర్లవి, ఒకేచోట ఉన్నాయి. వరదే అంత సరిచూసి మోసుకొచ్చిందనడం కన్నా అవి ఆ నీళ్లలోనే బతికాయనడం సబబు. జురాసిక్‌లో మెట్రియోరింకస్ అనే సముద్రపు మొసలికి వచ్చినట్టు కాళ్లు తెడ్లు కావాలి కదా అంటే, ఆ షరతు అనవసరం. భితర్కనికలోనూ అండమాన్‌లోనూ ఉండే ఉప్పునీటి మొసలి మామూలు కాళ్లతోనే సముద్రం దాటుతోంది.